అమ్మోనియా కంప్రెసర్ చల్లదనం ఎందుకు తగ్గుతుంది: సక్షన్, డిశ్చార్జి లెక్కలు మెట్టు మెట్టుగా

ఓ ఆగస్టులో గుంటూరు పక్కన ఉన్న మిర్చి కోల్డ్ స్టోరేజీ నుంచి ఫోన్ వచ్చింది. గదులు 6 డిగ్రీలకు రావాల్సింది 9 దగ్గరే ఆగిపోతున్నాయి. మిషన్ రాత్రింబవళ్లు తిరుగుతూనే ఉంది. కరెంటు బిల్లు చూసి ఓనరుకి టెన్షన్.

"కంప్రెసర్ ముసలిదైపోయింది సార్, కొత్తది కొనమని చెప్తున్నా" అన్నాడు ఆపరేటర్. ముప్ఫై ఏళ్లుగా ఆ మిషన్ రూములోనే ఉన్న మనిషి. నేను ఆయన్ని బాబాయ్ అంటాను.

"గేజీలు ఎంతున్నాయి బాబాయ్?"

"సక్షన్ ఇరవై ఎనిమిది, డిశ్చార్జి రెండొందల నలభై నాలుగు."

సక్షన్ అంటే గదిని చల్లబరిచే పైపుల చుట్ట (కాయిల్) నుంచి కంప్రెసర్ ఆవిరిని లాగే వైపు ఒత్తిడి. డిశ్చార్జి అంటే ఆ ఆవిరిని నొక్కి, దాన్ని ద్రవంగా మార్చే కండెన్సర్‌కి పంపే వైపు ఒత్తిడి. రెండూ పీఎస్ఐల్లో, అంటే చదరపు అంగుళానికి ఇన్ని పౌండ్లని. కంప్రెసర్ ముసలిదో కాదో తర్వాత సంగతి. ఆ రెండు అంకెల మధ్య పడితే ఏ కొత్త మిషనైనా అలాగే రొప్పుతుంది. ఆ రోజు మేం చూసిన వరుసలోనే ఇక్కడ చెబుతున్నాను. లెక్కలన్నీ అమ్మోనియాతో నడిచే పిస్టన్ కంప్రెసర్‌వి. గ్యాస్ మారితే అంకెలు మారతాయి, చూసే పద్ధతి మారదు.

మెట్టు 1: ముందు మీటర్లను అనుమానించండి

గేజి తప్పు చెబితే ఆ తర్వాత చేసేదంతా వృథా. గేజిని లైను నుంచి విడదీసి గాలికి వదిలితే ముల్లు సున్నా మీద నిలవాలి. 5 పీఎస్ఐ దగ్గర ఆగితే డిశ్చార్జి వైపు పెద్ద నష్టం లేదు. సక్షన్ వైపు మాత్రం ఆ ఐదు పీఎస్ఐ అంటే దాదాపు మూడు డిగ్రీల తప్పు.

డిశ్చార్జి పైపు వేడి చూడటానికి కంప్రెసర్ నుంచి ఓ జానెడు దూరంలో థర్మామీటరు పెట్టాలి. లేజర్ గన్ వాడేవాళ్లు ఒకటి గుర్తుంచుకోవాలి. మెరిసే పైపు మీద అది అసలు కన్నా బాగా తక్కువ చూపిస్తుంది. ఆ చోట వేడికి ఆగే నల్ల పెయింటు పూసి, దాని మీద చూడండి.

మెట్టు 2: పీఎస్ఐని డిగ్రీల్లోకి మార్చండి

నా దృష్టిలో మొత్తం పనిలో సగం ఇదే. ద్రవం, ఆవిరి కలిసి ఉన్న చోట అమ్మోనియా ఒత్తిడికి, ఉష్ణోగ్రతకి విడదీయలేని లంకె. ఒకటి తెలిస్తే రెండోది తెలిసినట్టే. అంటే సక్షన్ గేజి కాయిల్ లోపల అమ్మోనియా ఎన్ని డిగ్రీల దగ్గర మరుగుతోందో చెబుతుంది. డిశ్చార్జి గేజి కండెన్సర్‌లో ఎన్ని డిగ్రీల దగ్గర ద్రవమవుతోందో చెబుతుంది.

సక్షన్ వైపు:
13 పీఎస్ఐ – మైనస్ 20 డిగ్రీలు
20 పీఎస్ఐ – మైనస్ 15
28 పీఎస్ఐ – మైనస్ 10
37 పీఎస్ఐ – మైనస్ 5
48 పీఎస్ఐ – సున్నా

డిశ్చార్జి వైపు:
155 పీఎస్ఐ – 30 డిగ్రీలు
181 పీఎస్ఐ – 35
211 పీఎస్ఐ – 40
244 పీఎస్ఐ – 45

ఇప్పుడు బాబాయ్ చెప్పిన అంకెలు చూడండి. గది 9 డిగ్రీల్లో ఉంటే కాయిల్ లోపల మైనస్ 10. తేడా 19 డిగ్రీలు. మిర్చి గదికి 8 నుంచి 10 డిగ్రీల తేడా సరిపోవాలి. ఇంత చల్లటి కాయిల్ పెట్టుకుని కూడా గది చల్లబడటం లేదంటే, ఆ చల్లదనం కాయిల్ దాటి గాలిలోకి రావడం లేదన్నమాట. అవతల కండెన్సర్ మీద పడే నీళ్లు 30 డిగ్రీలుంటే లోపల 45. అక్కడా ఏదో అడ్డం ఉంది. కంప్రెసర్ మీద చెయ్యి వేయకముందే రెండు నేరస్థలాలు దొరికాయి.

ఇళ్లల్లో ఏసీలు బాగుచేసే కుర్రాళ్లకీ ఇదే చెబుతుంటాను. పాత ఆర్-22 ఏసీలో సక్షన్ 70 పీఎస్ఐ అంటే 5 డిగ్రీలు, అంతా బాగున్నట్టు. అదే 70 కొత్త ఆర్-32 ఏసీలో కనిపిస్తే మైనస్ 10, కాయిల్ మంచు కట్టేస్తుంది. "డెబ్బై ఉంది సార్, గ్యాస్ కరెక్టే" అనే మాటకి గ్యాస్ పేరు లేకుండా అర్థం లేదు.

మెట్టు 3: నిష్పత్తి కట్టండి, 14.7 కలిపి

కంప్రెసర్ ఎంత కష్టపడుతోందో చెప్పేది డిశ్చార్జి ఒత్తిడిని సక్షన్ ఒత్తిడితో భాగిస్తే వచ్చే నిష్పత్తి. ఇక్కడ చాలామంది గేజి అంకెల్నే భాగించేస్తారు. 244ని 28తో భాగిస్తే 8.7 వస్తుంది, చూసి కంగారు పడతారు. గేజి సున్నా దగ్గర కూడా వాతావరణ ఒత్తిడి 14.7 పీఎస్ఐ ఉంటుంది కాబట్టి రెండింటికీ అది కలపాలి. 258.7ని 42.7తో భాగిస్తే 6.1. ఇది నిజం.

ఈ నిష్పత్తి పెరిగితే ఏమవుతుంది? పిస్టన్ పైకి వచ్చినప్పుడు వాల్వు ప్లేటుకి తగలకుండా కొద్దిగా ఖాళీ వదులుతారు. ఆ ఖాళీలో అధిక ఒత్తిడి గ్యాస్ కొంత మిగిలిపోతుంది. పిస్టన్ కిందికి దిగేటప్పుడు అది వ్యాకోచించి సిలిండర్‌లో జాగా ఆక్రమిస్తుంది. అది సక్షన్ ఒత్తిడికి పడిపోయేదాకా కొత్త గ్యాస్‌కి తలుపు తెరుచుకోదు. ఆఖరి స్టాపులో నలుగురు దిగకుండా బస్సులోనే కాళ్లు చాపుకు పడుకుంటే కొత్తగా ఎక్కేవాళ్లకి సీట్లు ఉండవు, అదే తంతు. పిస్టన్ పైన వదిలిన ఆ ఖాళీ, సిలిండర్‌లో 4 శాతం ఉందనుకుని లెక్క వేస్తే, నిష్పత్తి 3.6 ఉన్నప్పుడు సిలిండర్ 93 శాతం పనికొస్తుంది. 6.1 అయితే 88. 8 దాటితే 84కి దిగిపోతుంది. వాల్వులు, రింగులు అరిగిన మిషన్‌లో ఇంకా తక్కువ.

నిష్పత్తి 8, 9 దాటే పనికి ఒకే దశ కంప్రెసర్ పెట్టకూడదు. కోస్తాలో రొయ్యల ప్లాంట్లలో మైనస్ 40 కావాలి. 40 డిగ్రీల కండెన్సింగ్‌తో అక్కడ నిష్పత్తి 21 దాటుతుంది. అందుకే అక్కడ టూ స్టేజ్ మిషన్లు.

మెట్టు 4: సక్షన్ వైపు నుంచే మొదలుపెట్టండి

మిషన్ రూములో అందరి కళ్లూ డిశ్చార్జి గేజి మీదే ఉంటాయి. ముల్లు ఎర్రగీత వైపు వెళ్తే భయమేస్తుంది కాబట్టి. కానీ చల్లదనం పోయేది ఎక్కువగా సక్షన్ వైపే, అదీ నిశ్శబ్దంగా.

కారణం ఆవిరి సాంద్రత. అమ్మోనియా సున్నా డిగ్రీల దగ్గర మరిగితే ఒక ఘనపు మీటరు ఆవిరి బరువు దాదాపు 3.45 కిలోలు. మైనస్ 10 దగ్గర 2.4 కిలోలు. మైనస్ 20 దగ్గర 1.6. పిస్టన్ ప్రతి తిప్పుకీ లాగే ఘనపరిమాణం మారదు, అందులో పడే అమ్మోనియా బరువు మారుతుంది. చల్లబరిచేది బరువే.

కండెన్సింగ్ 40 దగ్గర ఉంచి లెక్క కడితే, మైనస్ 10 నుంచి మైనస్ 5కి వస్తే అదే కంప్రెసర్ దాదాపు 24 శాతం ఎక్కువ చల్లదనం ఇస్తుంది. సున్నాకి తెస్తే ఒకటిన్నర రెట్లు. అటువైపు కండెన్సింగ్‌ని 40 నుంచి 35కి తగ్గిస్తే చల్లదనం పెరిగేది 4 శాతమే. డిశ్చార్జి తగ్గించడం వల్ల లాభం వేరే రూపంలో వస్తుంది, కరెంటులో. అది తర్వాత.

కంప్రెసర్ కొనేవాళ్లు ఇక్కడే మోసపోతారు. "వంద టన్నుల మిషన్" (టన్ను అంటే ఇక్కడ చల్లదనానికి కొలత) అన్నప్పుడు ఏ సక్షన్, ఏ కండెన్సింగ్ దగ్గర వంద అని అడగాలి. సున్నా దగ్గర వంద ఇచ్చేది మైనస్ 10 దగ్గర 66 ఇస్తుంది.

సరే, సక్షన్ ఎందుకు పడిపోతుంది? ఆ రోజు మేం చూసిన వరుస ఇది. మొదట కాయిల్ మంచు. ఫిన్ల మధ్య వేలు పట్టనంత మంచు పేరుకుంది, ఫ్యాన్ల గాలి అవతలికి పోవడం లేదు. మిర్చి గది 6 నుంచి 9 డిగ్రీల్లో ఉండటం ఇక్కడ కలిసొచ్చే విషయం. ఆ కాయిల్‌కి లిక్విడ్ వాల్వు కట్టేసి, సక్షన్ తెరిచే ఉంచి, ఫ్యాన్లు మాత్రం తిప్పితే గది గాలే మంచును కరిగిస్తుంది. హీటర్లు, వేడి గ్యాస్ అక్కర్లేదు. ట్రేలోంచి నీళ్లు సాఫీగా బయటికి పోతున్నాయో లేదో మాత్రం చూసుకోవాలి, టిక్కీల (మిర్చి బస్తాల) మీద పడితే మిర్చి బూజు పడుతుంది.

తర్వాత ఆయిల్. అమ్మోనియాలో మామూలు కంప్రెసర్ ఆయిల్ కరగదు, పైగా బరువు. కాయిల్స్ అడుగున చేరి లోపలి గోడలకి దుప్పటి కప్పినట్టు పట్టుకుంటుంది. కింద ఉన్న డ్రెయిన్ పాట్ నుంచి తరచూ తీయాలి. "చివరిసారి ఎప్పుడు తీశారు బాబాయ్?" అంటే ఆయన మిర్చి సీజన్ పేరు చెప్పాడు, నెల పేరు కాదు.

ఇవి రెండూ బాగుంటే సక్షన్ స్ట్రెయినర్, తర్వాత కాయిల్‌లోకి ద్రవాన్ని కొలిచి వదిలే ఎక్స్‌పాన్షన్ వాల్వు, ఆఖర్న అమ్మోనియా తగ్గిందేమో. చాలామంది ఈ ఆఖరిదాన్నే మొదట అనుమానించి సిలిండర్లు తెప్పిస్తారు.

మెట్టు 5: డిశ్చార్జి వైపు. గాలి, గార, నీళ్లు

కండెన్సింగ్ ఉష్ణోగ్రత ఒక్కో డిగ్రీ పెరిగేకొద్దీ అంతే చల్లదనానికి అయ్యే కరెంటు సుమారు 2 నుంచి 3 శాతం పెరుగుతుంది. 35 ఉండాల్సింది 45 ఉందంటే పావు వంతు డబ్బు గాలికి పోతున్నట్టే.

నీళ్లు పడి ఆవిరయ్యే కండెన్సర్లకి శత్రువు ఎండ కాదు, ఉక్కపోత. మే నెలలో 43 డిగ్రీల ఎండ, గాలిలో తేమ 25 శాతం ఉంటే, తడిబట్ట చుట్టిన థర్మామీటరు 26, 27 చూపిస్తుంది. ఆగస్టులో 33 డిగ్రీలే, తేమ 75 శాతం ఉంటే అది 29కి వెళ్తుంది. కండెన్సర్ చూసేది ఈ తడి ఉష్ణోగ్రతనే. అందుకే మబ్బు పట్టిన రోజున హెడ్ ప్రెషర్ (డిశ్చార్జి ఒత్తిడి) ఎందుకు పెరిగిందా అని జుట్టు పీక్కోనక్కర్లేదు. తడి ఉష్ణోగ్రతకి 8 నుంచి 10 డిగ్రీల పైన కండెన్సింగ్ ఉంటే మామూలే. మాకు ఆ రోజు 16 డిగ్రీల తేడా ఉంది. అది వాతావరణం తప్పు కాదు.

బోరు నీళ్ల గార కంటికి కనిపిస్తుంది. పైపుల మీద తెల్లగా, గోరుతో గీకితే పెచ్చులూడుతుంది. లోపల చేరిన గాలి కనిపించదు, దాన్ని పట్టుకోవడానికి ఓ పరీక్ష ఉంది.

కంప్రెసర్ ఆపి, దాని డిశ్చార్జి వాల్వు కట్టేసి, రిసీవర్ (ద్రవ అమ్మోనియా నిలవుండే ట్యాంకు) నుంచి వెళ్లే లిక్విడ్ వాల్వు మూసేయండి. కండెన్సర్‌కీ రిసీవర్‌కీ మధ్య దారి తెరిచే ఉండాలి. సేఫ్టీ వాల్వు దగ్గరికి మాత్రం చెయ్యి పోకూడదు. నీళ్ల పంపు తిరుగుతూనే ఉండాలి. లోపలికి వెళ్లే నీళ్లు, బయటికి వచ్చే నీళ్లు ఒకే ఉష్ణోగ్రతకి వచ్చేదాకా ఆగండి, గంటో రెండు గంటలో పడుతుంది. మాకు రెండూ 30 దగ్గర కలిశాయి. అప్పుడు లోపల ఉన్నది శుద్ధమైన అమ్మోనియా అయితే గేజి 155 చూపించాలి. మాది 185 దగ్గర కదలకుండా నిలబడింది. ఆ మిగతా 30 పీఎస్ఐ గాలిదే. నెల కిందట ఓ వాల్వు మార్చి, లోపలి గాలిని సరిగా తీయకుండానే మిషన్ స్టార్టు చేశారని అప్పుడు బయటపడింది.

గాలి తీయడం ఒంటరిగా చేసే పని కాదు. ఇద్దరుండాలి, అమ్మోనియా మాస్కు, కళ్లద్దాలు, గ్లవ్స్ ఉండాలి, గాలి మన వెనక నుంచి వాల్వు వైపు వీచేలా నిలబడాలి. కళ్లలో పడితే చూపే పోతుంది. కండెన్సర్ పర్జ్ వాల్వుకి గొట్టం తగిలించి, రెండో కొసను నీళ్ల బకెట్లో ముంచి, వాల్వును వెంట్రుకవాసి తిప్పాలి. గాలి నీళ్లలో కరగదు కాబట్టి బుడగలు గుడగుడమంటూ పైకొస్తాయి. అమ్మోనియా ఇట్టే కరిగిపోతుంది, బుడగ పైకి రాదు, చిటచిటమని చప్పుడు మాత్రం వస్తుంది. మాకు బుడగలు చాలాసేపు వచ్చాయి. బకెట్టు నీళ్లు రెండుసార్లు మార్చాం. చిటచిట మొదలవగానే గొట్టం కొసను నీళ్లలోంచి తీసి, వాల్వు కట్టేశాం. కొస నీళ్లలో ఉండగానే వాల్వు కట్టేస్తే గొట్టంలోకి నీళ్లు సర్రున వెనక్కి పీల్చుకుంటాయి.

మెట్టు 6: డిశ్చార్జి పైపు వేడి చదవండి

ఒత్తిళ్లు రెండూ తెలిస్తే డిశ్చార్జి గ్యాస్ ఎంత వేడి ఉండాలో అంచనా వేయొచ్చు. అమ్మోనియా నొక్కితే విపరీతంగా వేడెక్కే రకం. సున్నా, 40 మధ్య తిరిగితే 95 డిగ్రీల చుట్టూ ఉంటుంది. మైనస్ 10, 40 మధ్య 115. మైనస్ 20, 40 అయితే 138. ఇవి నష్టాలు కలపని ఆదర్శపు లెక్కలు. వాటర్ జాకెట్ కొంత తగ్గిస్తుంది, అరిగిన వాల్వులు కొంత పెంచుతాయి. 140 దాటితే నేనైతే మిషన్ ఆపి కారణం వెతుకుతాను. ఆ వేడిలో ఆయిల్ మాడి వాల్వుల మీద నల్లటి మసిగా గట్టిపడుతుంది.

రెండు ఒత్తిళ్లూ మామూలుగానే ఉండి డిశ్చార్జి వేడి మాత్రం పెరుగుతుంటే, అనుమానం నిజంగానే కంప్రెసర్ మీదికి వెళ్లాలి. వాల్వు ప్లేటు లీకై వేడి గ్యాస్ మళ్లీ లోపలికే వస్తోందన్నమాట. ఏ సిలిండర్ హెడ్డు పక్కవాటికన్నా ఎక్కువ కాలుతోందో చూస్తే చాలు.

ఇంకో కారణం సూపర్ హీట్, అంటే ఆవిరి తను మరిగిన ఉష్ణోగ్రతని దాటి వేడెక్కడం. సక్షన్ పైపు ఇన్సులేషన్ ఊడిపోయి గ్యాస్ దారిలో 10 డిగ్రీలు వేడెక్కితే, డిశ్చార్జి దగ్గర అది 15 అవుతుంది. పైగా వేడెక్కిన గ్యాస్ పలచబడి చల్లదనం కూడా తగ్గుతుంది. అలాగని సూపర్ హీట్ సున్నాకి తేవాలని ఎక్స్‌పాన్షన్ వాల్వు మరీ తెరవకండి. ద్రవ అమ్మోనియా సిలిండర్‌లోకి వస్తే అది నలగదు, వాల్వు ప్లేట్లు పగులుతాయి. డిశ్చార్జి పైపు ఉన్నట్టుండి చల్లబడి, క్రాంక్ కేసు మీద మంచు కనిపించి, మిషన్ చప్పుడు మారిందంటే ద్రవం వస్తోందని గుర్తు. అప్పుడు ఆలోచిస్తూ నిలబడకూడదు, ఆపేయాలి.

మెట్టు 7: లోడింగ్ రోజుల్లో ఆంప్స్ చూసుకోండి

సక్షన్ పెరిగితే మంచిదని చెప్పాను కదా, దానికో హద్దుంది. మార్చి, ఏప్రిల్ నెలల్లో కళ్లాల నుంచి, యార్డు నుంచి లారీలు వరుస కడతాయి. వేడి టిక్కీలు వేలకొద్దీ ఒక్కసారి లోపలికి వస్తే గది 20 దాటుతుంది, సక్షన్ 50 పీఎస్ఐ పైకి పోతుంది. చిక్కటి ఆవిరి సిలిండర్‌లో నిండి మోటారు మీద బరువు పడుతుంది. మైనస్ 10 నుంచి సున్నాకి వస్తేనే ఆంప్స్ 15 శాతం దాకా పెరుగుతాయి. మోటారు ట్రిప్ అవుతుంది. కొందరు ఓవర్‌లోడ్ రిలే సెట్టింగ్ పెంచేస్తారు, అది మోటారు కాల్చుకోవడమే.

ఆ పది రోజులు సక్షన్ స్టాప్ వాల్వును కొద్దిగా మూసి పెట్టండి. అన్‌లోడర్లుంటే కొన్ని సిలిండర్లను ఖాళీగా తిప్పండి. గది దిగేకొద్దీ వదులుతూ రావాలి. లోడింగ్ అయ్యాక ఆ వాల్వు పూర్తిగా తెరవడం మర్చిపోయిన చోటు ఒకటి చూశాను. జూన్ దాకా ఎవరూ గమనించలేదు.

మెట్టు 8: లాగ్‌బుక్‌లో రెండు గళ్లు కలపండి

అందరి దగ్గరా పుస్తకం ఉంటుంది: సక్షన్, డిశ్చార్జి, ఆంప్స్, గది. దానికి డిశ్చార్జి పైపు వేడి కలిపి, ఇంకో రెండు గళ్లు గీయండి. గదికీ కాయిల్‌కీ తేడా ఒకటి, కండెన్సింగ్‌కీ తడి ఉష్ణోగ్రతకీ తేడా ఒకటి. మొదటిది పెరుగుతుంటే మంచో ఆయిలో. రెండోది పెరుగుతుంటే గారో గాలో. వాతావరణం మారినా ఈ తేడాలు పెద్దగా మారవు, అందుకే రోగం తొందరగా కనిపెడతాయి.

బాబాయ్ దగ్గర మంచు కరిగించి, ఆయిల్ తీసి, గాలి వదిలి, గార గీకించడానికి నాలుగు రోజులు పట్టింది. అయిదో రోజు సక్షన్ 37, డిశ్చార్జి 198. అంటే మైనస్ 5, 38. నిష్పత్తి 6.1 నుంచి 4.1కి దిగింది. డిశ్చార్జి పైపు 138 నుంచి 108కి వచ్చింది. లెక్క ప్రకారం అదే కంప్రెసర్ 30 శాతం ఎక్కువ చల్లదనం ఇవ్వాలి, ఒక్కో టన్నుకి కరెంటు దాదాపు నాలుగో వంతు తగ్గాలి. గదులు ఆ వారంలోనే 6కి దిగాయి. కొత్త మిషన్ కొటేషన్ ఓనరు టేబుల్ మీదే ఉండిపోయింది.

వచ్చేముందు గేజీల పక్క గోడ మీద ఆ తొమ్మిది అంకెల పట్టిక పెయింటుతో రాయించాను. అక్టోబరులో మళ్లీ ఓ రాత్రి ఫోన్ చేశాడు బాబాయ్. ఈసారి పీఎస్ఐ చెప్పలేదు.

"సార్, గది ఆరే గానీ కాయిల్ మైనస్ తొమ్మిదికి జారింది. మంచు కరిగించేదా?"